మాత్రకు పెట్టిన బద్లీ

నా చదువు మీద మా అత్తమ్మకు ఎంత గౌరవం ఉండేదో తెలియాలంటే ముందు నీళ్ల సంగతి చెప్పాలి. బోధన్‌కు కాపురానికి వచ్చిన కొత్తలో, వానాకాలం నీళ్లు కాచి తాగాలని, వాటిలో కంటికి కనిపించని పురుగులుంటాయని ఆమెకు చెప్పాను. ఆమె చెంబును వెలుతురుకు వంచి లోపలికి చూసింది. "కనవడని పురుగులు నీకెట్ల కనవడ్డయే? బడిల పోరగాండ్లకు చెప్పుకో గీ ముచ్చట్లు" అని గటగటా తాగేసింది. మా ఆయన పడీపడీ నవ్వాడు. ఆ నీళ్లకు ఆమెకు ఏమీ కాలేదు కూడా. నిజం చెప్పాలంటే, కాస్త కడుపునొప్పయినా వస్తే బాగుండునని మూడు రోజులు ఎదురుచూశాను.

నేను బీయస్సీ చదివి బాలికల బడిలో సైన్సు చెప్పేదాన్ని. మా ఆయన చక్కెర ఫ్యాక్టరీ టైమాఫీసులో గుమాస్తా. బడిలో ఆడపిల్లలు నేను దగ్గినా నోటుపుస్తకాల్లో రాసుకునేవాళ్లు. ఇంట్లో ఒక్క ముసలామె చేత మాత్రం 'అవునే' అనిపించుకోలేకపోయాను. ఒకసారి గ్రహణం పట్టిన వేళ ఆమె ఎదుటే కూర్చుని అన్నం తిని చూపించాను. ఆమె నాకేం రోగం బయటపడుతుందో అని ఓపిగ్గా కనిపెట్టుకుని ఉంది. నాలుగో రోజు నాకు జలుబు చేసింది. "గదీ!" అని తృప్తిగా లేచి పనిలోకి పోయింది.

డెబ్బైల మొదట్లో, ఫ్యాక్టరీలో చెరుకు ఆడే చలికాలంలో, ఆమెకు కాళ్లు వాచాయి. నాలుగడుగులు వేస్తే ఆయాసం. నిజామాబాద్‌లో ఒక డాక్టరు దగ్గరికి బస్సులో తీసుకుపోయాం. ఆయన గుండె మీద గొట్టం పెట్టి చాలాసేపు విని, ఒంట్లో నీరు పోవడానికి ఒక మందు, గుండెకు బలంగా ఒక చిన్న తెల్ల మాత్ర రాశాడు. దాని పేరు డిజాక్సిన్. సోమవారం నుంచి శుక్రవారం దాకా రోజుకొకటి వెయ్యాలి, శని ఆదివారాలు వెయ్యకూడదు అన్నాడు. ఎందుకో కూడా చెప్పాడు. ఈ మందు ఒంట్లోంచి తొందరగా పోదు, పేరుకుంటూ పోతుంది, ఎక్కువైతే గుండెకే ఎసరు పెడుతుంది, అందుకే ఆ రెండు రోజులు దాన్ని దిగనివ్వాలి.

"మీరు టీచరంటున్నారు కదా, ఇంట్లో అందరికీ అర్థమయ్యేటట్టు చెప్పండి" అన్నాడు నాతో. నేను తల ఊపాను. ఆ తల ఊపినందుకు ఈనాటికీ నన్ను నేను తిట్టుకుంటూనే ఉన్నాను.

ఆ రోజుల్లో మా వాడలో రోగానికి కూడా హోదా ఉండేది. జ్వరమొచ్చినా, నడుము నొప్పయినా కంపౌండరు ఒకే పెద్ద సీసాలోంచి గులాబీరంగు నీళ్లు పోసి, పక్కన మోతాదుకొక గాటు కత్తిరించిన కాగితం అంటించి ఇచ్చేవాడు. ఆ నీళ్లకు పేరు లేదు. పేరున్న మాత్ర మింగేవాళ్లంటే వాడలో వేరే లెక్క. మా అత్తమ్మ రెండు రోజుల్లో ఆ పేరు తప్పులేకుండా నేర్చుకుంది. కూరగాయలామెతో బేరమాడుతూ కూడా, "జర తొందరగ ఇయ్యి, డిజాక్సిన్ ఏసుకునే యాళ్లయింది" అనేది. నా బడిలో పెద్ద క్లాసు పిల్లలు కూడా అంత స్పష్టంగా పలికేవాళ్లు కాదు.

నాకు అవకాశం దొరికింది. నా చదువుకు చెందిన మాట ఒకటి ఆమె నోటిలోకి తనంతట తానే వచ్చిచేరింది. ఇంక ఆగుతానా? బడిలో హెడ్‌మిస్ట్రెస్ తాళం వేసుకునే అద్దాల బీరువాలో ఒక లావాటి నిఘంటువు, వృక్షశాస్త్రం పుస్తకాలు ఉండేవి. బతిమాలి తీయించుకుని మధ్యాహ్నమంతా కూర్చుని చదివాను. మరునాడు సాయంత్రం మా వాకిట్లో పాఠం పెట్టాను. అత్తమ్మ గడప మీద, మా ఆయన కుర్చీలో. పిట్టగోడకు అవతల మిషను కుట్టే ఖాలా కూడా కాలు ఆపి వింది. ఖాలా అంటే మా పక్కింటి దర్జీ ఇంటావిడ. ఆమె వాకిటి కంచె నిండా పచ్చగన్నేరు చెట్లు.

డిజాక్సిన్ అనే మాట డిజిటాలిస్ అనే పరదేశపు మొక్క పేరులోంచి వచ్చిందని మొదలుపెట్టాను. ఆ పేరుకు మూలం లాటిన్‌లో వేలు అనే మాట. ఎందుకంటే ఆ పువ్వు వేలికి తొడుక్కునేటట్టు ఉంటుంది. ఖాలా సూది గుచ్చుకోకుండా వేలికి తొడుక్కున్న అంగుస్తానా ఎత్తి చూపించి, "గిట్లనా టీచరమ్మా?" అంది. అచ్చం అట్లాగే అన్నాను. ఆకులోంచి తీసే ఆ పదార్థం స్టిరాయిడ్ అనే జాతిదని, దాని తోకకు చక్కెర ముక్కలు అతుక్కుని ఉంటాయని చెప్పాను. "చక్కెరనా? అయితె మనూరి బాపతే" అన్నాడు మా ఆయన. అందరూ నవ్వారు, నేను ఇంకా రెచ్చిపోయాను. అసలు ఆ మొక్క విషపు మొక్కేనని, విషాన్నే కొలిచి ఇస్తే మందవుతుందని, అంతెందుకు, ఖాలా కంచెలో ఉన్న పచ్చగన్నేరులో కూడా ఇదే కులపు పదార్థం ఉందని చెయ్యెత్తి చూపించాను.

అత్తమ్మ ఆ కంచె కేసి చూసింది, తర్వాత నా కేసి చూసింది. "గంత కథ ఉన్నదానే గీ పేరు ఎన్క!" అంది. ఆరేళ్ల కాపురంలో మొదటిసారి ఆమె నోట నా మాటకు వచ్చిన మెప్పు అది. నాకు ఒళ్లు పులకరించింది.

పేరు మీద ఘడియకు పైగా మాట్లాడాను. శని ఆదివారాల సంగతి లేస్తూ లేస్తూ చీర దులుపుకుంటూ చెప్పాను. "ఆ రెండు రోజులు మాత్రకు సెలవు" అన్నాను. అంతే. ఎందుకు సెలవో చెప్పలేదు. మరిచిపోయి కాదు, చెప్పబుద్ధి కాలేదు. లాటిన్ మాట తర్వాత ఒంట్లో పేరుకోవడం, దిగడం చప్పగా అనిపించాయి.

ఆ తరువాత జరిగింది నాకు అప్పుడు తెలియదు. చివరికి డాక్టరు ముందు బయటపడింది. కాని ఇక్కడే చెప్పేస్తాను, లేకపోతే మా ఆయన తెలివి మీకు సరిగ్గా అర్థం కాదు.

టైమాఫీసులో ఆయన పని ఏమిటంటే, షిఫ్టుకు రాని మనిషి స్థానంలో గేటు బయట నిలబడ్డ వాళ్లలోంచి ఒకణ్ని పిలిచి పెట్టడం. అట్లా వచ్చిన మనిషిని బద్లీ అంటారు. చెరుకు ఆడే రోజుల్లో మిల్లు ఆగకూడదు. ఒకరికి సెలవిస్తే ఆ స్థానంలో బద్లీ ఉండి తీరాలి. పదేళ్లుగా రోజుకు మూడు షిఫ్టులకు ఈ పనే చేస్తున్న మనిషికి, 'మాత్రకు సెలవు' అన్న నా మాట ఇంకోలా ఎట్లా వినిపిస్తుంది? తల్లిని పక్కకు పిలిచి చెప్పాడట: "మాత్రకు సెలవిచ్చిండ్రు, సరే అవ్వా. గుండెకైతె సెలవు లేదు గదా! గా రెండు రోజులు పని ఎవలు సెయ్యాలె? బద్లీని పెట్టాలె."

బద్లీ గేటు బయటే ఉంది. ఖాలా కంచెలో.

ఆయన తెలివి తక్కువ మనిషి కాదు. గన్నేరు పప్పు తింటే చస్తారని జిల్లాలో ప్రతి మనిషికీ తెలుసు, ఆయనకూ తెలుసు. అందుకే పప్పు జోలికి పోలేదు. పువ్వు శివుడికి పెట్టేది కాబట్టి దానికి ఆ దోషం అంటదన్నాడు. పైగా పువ్వును తల్లి చూపుడువేలికి తొడిగి చూశాడట. సరిగ్గా పట్టింది. నేను చెప్పిన పరీక్షలో గన్నేరు పాసైంది! కొలిచి ఇవ్వాలన్నాను కాబట్టి కొలత కూడా పెట్టాడు. శనివారం పొద్దున ఒకటి, ఆదివారం పొద్దున ఒకటి, నలిపి బెల్లంలో చుట్టి. నాకెందుకు చెప్పలేదంటే, చెప్తే మళ్లీ పాఠం మొదలుపెడతానని, డ్యూటీకి ఆలస్యమవుతుందని.

మొదటి వారం బద్లీ చక్కగా పనిచేసింది. రెండో ఆదివారం అత్తమ్మ అన్నం ముట్టలేదు, కడుపులో తిప్పుతోందంది. మధ్యాహ్నం వాకిట్లో కాళ్లు చాపుకుని కూర్చుని, వాటినే చూసుకుంటూ నవ్వింది.

"నా కాళ్లకు పసుపు ఎవలు రాసిండ్రే?"

ఆమె పాదాలు మామూలుగానే ఉన్నాయి. గోడ పచ్చగా ఉందంది, నా తెల్ల చీర పచ్చగా ఉందంది. మామయ్య పోయి పద్దెనిమిదేళ్లయింది, ఆ పద్దెనిమిదేళ్లూ ఆమె కాలికి పసుపు తగలలేదు. "ఎన్నేండ్లకో గదనే" అని మళ్లీ నవ్వింది. సైన్సు టీచరును కదా, కంటి రెప్పలు కిందికి లాగి చూశాను. కామెర్లు కావని తేల్చాను. అయితే కంట్లో శుక్లమేనని రోగం కట్టి, కంటి డాక్టరుకు చూపించాలని మా ఆయనకు ఆజ్ఞ ఇచ్చాను. అట్లా పచ్చగా కనబడటం మందు ఒంట్లో పేరుకున్న గుర్తని నాకు తట్టనేలేదు. మరునాడు సోమవారం. పొద్దున్నే నా చేత్తోనే మాత్ర వేసి నీళ్లిచ్చాను. ఆ వారమంతా ఒక్కరోజు తప్పకుండా వేశాను.

మూడో ఆదివారం పది గంటలప్పుడు వాంతులు పట్టుకున్నాయి. లేవబోయి వాకిట్లోనే ఒరిగిపోయింది. చెయ్యి పట్టుకుంటే నాడి ఒకటి కొట్టి ఆగుతోంది, మళ్లీ కొడుతుందో లేదో అన్నంతసేపు ఆగుతోంది. రోడ్డు పొడుగునా చెరుకు బండ్లు, బస్సు ఎప్పుడొస్తుందో తెలియదు. మా ఆయన పరుగెత్తి, చెరుకు దింపి ఖాళీగా పోతున్న లారీని ఆపాడు. క్యాబిన్లో ఆమె తల నా ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను. బండి బండికీ లారీ ఆగేది. ఎడ్లు కదిలేదాకా డ్రైవరు హారన్ కొట్టేవాడు. నేను నాడి లెక్కపెడుతూ, లెక్క తప్పుతూ, దేవుళ్లందరికీ మొక్కాను. గ్రహణం వేళ అన్నం తిన్నందుకు కూడా క్షమాపణ చెప్పుకున్నాను.

డాక్టరు ఇంటి ముందు గదే ఆయన దవాఖాన. ఆదివారమైనా బయటికి వచ్చాడు. నాడి చూసి, గొట్టం పెట్టి విని, సూది వేశాడు. ఆమెకు కాస్త తెలివి వచ్చాక, "మాత్ర ఎక్కువ వేశారా?" అని అడిగాడు.

"లేదండి. మీరు చెప్పినట్టే, వారానికి ఐదు. నేనే వేస్తాను" అన్నాను ధీమాగా.

"మరి ఇంకేమన్నా ఇచ్చారా? చెట్టు మందులాంటిది?"

"మా ఇంట్లో అట్లాంటివి ఉండవండి. నేను సైన్సు టీచర్ని."

మా ఆయన గోడ మీది క్యాలెండరు చూస్తున్నాడు. మంచం మీదినుంచి సన్నగా అత్తమ్మ గొంతు వినిపించింది. "బద్లీ పెట్టినం సారూ."

డాక్టరు ఆమె మీదికి వంగాడు. ఆమె ఆయాసపడుతూనే చెప్పింది. గన్నేరు పువ్వు, బెల్లం, శనివారం, ఆదివారం, వేలికి తొడిగి చూడటం, అన్నీ వరసగా. మధ్యలో మా ఆయన "కొలిచే ఇచ్చిన సారూ, ఒక్కటంటె ఒక్కటే" అన్నాడు. డాక్టరు ముఖం ఎర్రబడింది.

"గన్నేరా! ఎవరు చెప్పారు మీకు?"

అత్తమ్మ దుప్పటి కిందినుంచి చెయ్యి బయటికి తీసింది. పువ్వు తొడిగి చూసిన ఆ వేలుతోనే నన్ను చూపించింది. "గిదిగో, మా కోడలు. శాన సదువుకున్నది. గా మందు పేరుకు అర్థం గూడ జెప్పింది" అంది. ఆ గొంతులో గర్వం ఉంది. నా గురించి ఆమె ఎవరి ముందైనా అట్లా మాట్లాడటం నేను అంతకుముందు వినలేదు.

డాక్టరు నన్ను తిట్టలేదు. తిట్టినా బాగుండేది. చాలా మెల్లగా అడిగాడు. "అర్థం చెప్పారు సరే. శని ఆదివారాలు ఎందుకు వద్దన్నానో, అది చెప్పారా ఇంట్లో?"

నేల చూస్తూ నిలబడ్డాను, ఇంటిపని చేసుకురాని పిల్లలు నా ముందు నిలబడేటట్టు.

నాలుగు రోజులు అక్కడే ఉంచుకుని బతికించాడు ఆయన. ఆమె ఇంకో ఆరేళ్లు బతికింది, కాచిన నీళ్లు ఒక్కనాడూ తాగకుండా. అదంతా తర్వాతి సంగతి. ఆ ఆదివారం ఆ గదిలో మాత్రం డాక్టరు నా జవాబు కోసం చూస్తూనే ఉన్నాడు. చివరికి మంచం మీదినుంచి ఆమే చెప్పింది.

"చెప్పే ఉంటది సారూ. నేనే మర్సిపోయి ఉంట. మా కోడలు అన్నీ చెప్తది."