దోనె మీద ఉన్నది హీరోయిన్ కాదు

మా కెమెరా మాస్టారు మొన్న శుక్రవారం ఏలూరులో కన్నుమూశారు. మర్నాడే ఒక టీవీ ఛానల్ "మా కుటుంబ సభ్యుణ్ణి కోల్పోయాం" అంటూ ఆయన తీసిన డాక్యుమెంటరీ వేసింది. చివర్లో పేర్లు పడ్డాయి. ఆయన పేరు లేదు. బతికుండగా ఆ పేరు తీసేసింది ఆ ఛానలే. ఆ సంగతి మీకు చెప్పకుండా ఊరుకోలేను.

తివాచీలు నేసే ఇంట్లో పుట్టిన మాస్టారు, పాత సినిమాలు ఎలా తీశారో చూపించే డాక్యుమెంటరీలకే జీవితమంతా కెమెరా పట్టారు. నేను ఆయన దగ్గర సౌండ్ రికార్డు చేసేదాన్ని. ఎవరింటికి వెళ్ళినా వాళ్ళిచ్చిన టీ తాగి, కాసేపు కబుర్లాడాకే కెమెరా పెట్టె తెరిచేవారు. "మనిషి మనతో మాట్లాడాలండీ, లెన్సుతో కాదు" అనేవారు. నాతో కూడా అండీ అనే మాట్లాడేవారు.

ఒక పాత సినిమాలో తుఫానుకి దోనె బోల్తాపడే సీను ఉంది. కొల్లేట్లో తీశారు. ఆ చోటు వెతుక్కుంటూ కలిదిండి వైపు వెళ్తే, రొయ్యల చెరువు దగ్గర పనిచేసే ఒక ముసలావిడ, "ఆ నీళ్ళలో పడింది నేనేనండీ. హీరోయిన్ గారికి ఈత రాదండీ" అంది. పక్కనున్నవాళ్ళు పగలబడి నవ్వారు. ఆవిడ ఆ మాట ఎత్తినప్పుడల్లా అంతేనట. మాస్టారు నవ్వలేదు. ఇంటికొచ్చి ఆ సీను ఒక్కో ఫ్రేమూ ఆపి చూశారు. తడిజుట్టు చాటునుంచి ఒక్క క్షణం కనిపించిన మొహం, ఎడమ కనుబొమ్మ మీది గాటుతో సహా, ఆవిడదే.

మాస్టారు ఆవిడ మాటల్నీ, ఆ ఫ్రేమునీ డాక్యుమెంటరీలో పెట్టారు. ఛానల్ పెద్దాయన ఆ భాగం చూసి, "ఈవిడెవరండీ? హీరోయిన్ గారు నొచ్చుకుంటారు. తీసేయండి" అన్నాడు.

"ఆవిణ్ణి తీసేస్తే నా పేరూ తీసేయండి" అన్నారు మాస్టారు, గొంతు పెంచకుండా.

"సరే" అన్నాడు.

అంతే. రెండూ తీసేశారు. మళ్ళీ ఆయనకి పనివ్వలేదు. ఇవాళ కుటుంబ సభ్యుడట! జబ్బు చేసి మంచాన పడితే ఒక్క ఫోను చేశారా? ఖననానికి ఒక్కరైనా వచ్చారా? పోయాక మాత్రం ఆయన ఫొటోకి దండ వేసి, మధ్యలో ప్రకటనలు వేసుకున్నారు.

పేరు తీసేసిన ఆ రోజుల్లోనే మాస్టారు మాత్రం తన దగ్గరున్న పూర్తి కాపీ పట్టుకుని ఆ ముసలావిడ ఊరి బడికి వెళ్ళారు. ఆదివారం మధ్యాహ్నం. కిటికీలకి దుప్పట్లు కట్టి, గోడ మీద సినిమా వేశారు. నీళ్ళలోంచి మొహం పైకి లేచిన చోట బొమ్మ ఆగింది. "మా అత్తేరా!" అని ఎవరో అరిచారు. అందరూ గోడకేసే చూస్తున్నారు. ముందు బెంచీ మీది ముసలావిడ మాత్రం వెనక్కి తిరిగి, ఆ మసక వెలుగులో వాళ్ళ మొహాలు ఒక్కొక్కటీ చూస్తూ కూర్చుంది.