ఎలుగుబంటి కసరత్తు

ఎండాకాలం సెలవుల్లో మా ఆళ్లగడ్డ చర్చిలో పిల్లలకు బైబిలు తరగతులు పెట్టారు. పాటలు మా చర్చిలోనే పాడే ఒకమ్మాయి నేర్పేది, బొమ్మలు నేను గీసేవాణ్ణి. మధ్యలో పిల్లలు నా ఫోను లాక్కుని ఒక కార్టూను చూసేవాళ్లు. అందులో ఒక బొద్దు ఎలుగుబంటి. అది మనసుపడ్డ ఆడ ఎలుగు చుట్టూ కండలు తిరిగిన తోడేలొకటి తేనెపట్టు పట్టుకుని తిరుగుతుంటుంది. దాన్ని ఓడించాలని మనవాడు పరుగులు తీస్తాడు, రాళ్లెత్తి కాలి మీదే పడేసుకుంటాడు. పాటలు నేర్పే ఆమె కూడా చూసి, కళ్లలో నీళ్లొచ్చేదాకా నవ్వి, "పాపం, ఈ ఎలుగే గెలవాల" అంది.

ఆ మాట నా కోసమే అన్నదనుకున్నాను. ఈ పొట్టేసుకుని అలా అనుకోవడానికి గుండె ధైర్యం కావాలి.

మర్నాటి నుంచి నంద్యాల రోడ్డు మీద పరుగు. శిల్పాలు చెక్కే షెడ్ల వెనక పారేసిన రాతిముక్కలే నా డంబెల్స్. సంగటి మానేశాను. "ఎవురికోసరంరా ఇట్ల ఎండిపోతాండావ్?" అని అమ్మ తిట్టింది. నిజం చెబితే ఇంకా తిట్టేది. నాకూ ఒక తోడేలున్నాడు, ఆమె చుట్టూ తిరిగేవాడు. వాడిది నంద్యాలలో రక్తపరీక్షల ల్యాబులో ఉద్యోగం. ఆదివారాలు మా చర్చికొచ్చి కీబోర్డు వాయించేవాడు. పుట్టుకతోనే సన్నం, వెధవ.

మా చర్చిలో పెళ్లికి ముందు కొన్ని ఆదివారాలు జంట పేర్లు చదువుతారు. అభ్యంతరం ఉన్నవాళ్లు లేచి చెప్పాలి. వానలు మొదలయ్యాక ఒక ఆదివారం పాస్టరు అయ్యగారు ఆమె పేరూ వాడి పేరూ కలిపి చదివారు. నేను లేచాను. ఏం చెబుదామని లేచానో నాకే తెలియదు. పరిగెత్తాను, సంగటి మానేశాను అని చెప్పనా? అంతలో చిక్కిన నడుము మీంచి ప్యాంటు జారబోతే రెండు చేతులా పట్టుకున్నాను. చర్చంతా తిరిగి చూసింది.

"ఏందప్పా?" అన్నారు అయ్యగారు.

"ఏంల్యా అయ్యగారూ, ఫ్యానేద్దామని."

ఫ్యాను తిరుగుతూనే ఉంది.

ఆరాధన అయ్యాక ఆమె నేరుగా నా దగ్గరికొచ్చి పైనుంచి కిందిదాకా చూసింది. ఆ చూపు కోసమే కదా ఇన్నాళ్లూ చచ్చింది.

"ఏందన్నా, ఇంత చిక్కిపోయినావ్? ఒంట్లో బాగలేదా?"

నేను కాదన్నా వినకుండా వాణ్ణి పిలిచి, నాకు రక్తపరీక్ష చేయమంది. మర్నాడు నంద్యాలలో వాడు నా చొక్కా చేతిని పైకి మడిచాడు. సూది గుచ్చబోతూ ఆగి, నా దండ నొక్కి చూశాడు.

"కండ బాగా గట్టిగుందన్నా. కసరత్తు చేస్తాండావా?"

ఆళ్లగడ్డలో ఎవరి కంటా పడని కండ వీడి చేతికి తగిలింది.

"లేదప్పా" అన్నాను.