డావా అంటే ఎడమ

మరాఠీ గడ్డ మీది లాల్‌పేట్ బొగ్గుగని క్వార్టర్లలో పెరిగినవాడికి దయ్యాల కథలకు కొదవుండదు. నేను మాత్రం ఒక్కటీ నమ్మలేదు. పైగా చెప్పేవాళ్లను ఏడిపించేవాణ్ణి. ఇప్పుడు నన్ను ఎవరైనా ఏడిపించినా నాకు కోపం రాదు.

చిన్నప్పుడు టీవీకి పెట్టి ఆడిన పాత వీడియో గేమును, పెద్దయ్యాక పాత ఆటలను నడిపే ఎమ్యులేటర్ ప్రోగ్రాం వేసుకుని కంప్యూటర్లో మళ్లీ ఆడేవాళ్లం, మా అన్న, నేను. ఇద్దరూ కలిసి రౌడీలను తన్నుకుంటూ ముందుకు పోవాలి. అన్నది నీలం చొక్కా బొమ్మ, చేతిలో జాయ్‌స్టిక్. నాది ఎర్ర చొక్కా, కీబోర్డు.

అన్న చదివింది మరాఠీ బడిలో, నేను హిందీ బడిలో. వాడు ఎడమకు రమ్మని "డావా, డావా" అని అరిస్తే, నాకది హిందీ "దాయా"లా వినిపించి కుడివైపు ఉరికి గోతిలో పడేవాణ్ణి.

"ఓరి పిచ్చోడా, డావా అంటే ఎడమరా! ఇగ నోటితోని చెప్పనే చెప్ప. రెండుసార్లు దుంకుత, నా ఎంబడి రా" అన్నాడు. అప్పటి నుంచి అదే మా గుర్తు.

పోయిన ఎండాకాలం అన్నకు జ్వరం ముదిరి ఐసీయూలో పెట్టారు. బాపు అక్కడే ఉండిపోయాడు. నన్ను లోపలికి రానివ్వలేదు, ఇంటికి పోయి అమ్మ దగ్గర ఉండమన్నారు. నా చేతిలో ఏమీ లేదు. మధ్యాహ్నం అమ్మ ప్రార్థనలో కూర్చుంటే, తోచక కంప్యూటర్ పెట్టాను. మేం చివరిసారి సేవ్ చేసిన చోటు నుంచి ఆట తెరిచాను.

తెర మీద ఇద్దరూ ఉన్నారు. జాయ్‌స్టిక్ మాత్రం వైరు పీకేసి అలమారలో ఉంది. అయినా నీలం చొక్కా రెండుసార్లు దుమికింది. ఎడమకు తిరిగి నడిచింది.

ఆ ఆటలో ఒక్కడే తెర దాటిపోలేడు. రెండోవాడు వచ్చేదాకా అంచున ఆగాల్సిందే. నీలం చొక్కా ఆగలేదు, వెళ్లిపోయింది. నేను ఎడమ బటన్ ఎంత నొక్కినా ఎర్ర చొక్కా కదల్లేదు. భయమేసింది. అదే సేవ్ మళ్లీ తెరిచాను. మళ్లీ రెండు దుముకులు, మళ్లీ ఎడమకు. ఏడుస్తూ ఇంకోసారి తెరిచాను. ఈసారి ఎర్ర చొక్కా ఒక్కటే ఉంది.

ఫోన్ మోగింది. "పెద్దోడు పోయిండు బిడ్డా" అన్నాడు బాపు.

ఫైలు చెడిపోయి ఉంటుందని కంప్యూటర్లు బాగుచేసే దోస్తు అన్నాడు. అయ్యుండొచ్చు. మరి ఆ రెండు దుముకులో? అవి మా ఇద్దరికే తెలుసు. నాకు ఇప్పటికీ అంతుబట్టదు.

ఆ సేవ్ అప్పుడప్పుడు తెరుస్తుంటాను. ఇప్పుడు ఎడమ బటన్ పనిచేస్తుంది. ఎర్ర చొక్కా తెర అంచుదాకా పోయి, రెండోవాడి కోసం ఆగిపోతుంది.