మార్తమ్మ, రెండు లైన్ల తేడా

అమలాపురంలో ఆ కాలేజీకి కంప్యూటరు వచ్చింది 1988లో. దాన్ని నడపడానికి రాజోలు మార్తమ్మని మూణ్ణెల్లు చూద్దామని తీసుకున్నారు. కాకినాడలో ఆర్నెల్ల కోర్సు చేసిన మనిషి. శుక్రవారం సాయంత్రానికి పరీక్షల సీట్ల జాబితా తప్పుల్లేకుండా రాకపోతే మళ్ళీ టైపుమిషన్లే దింపుతానని ప్రిన్సిపాలు శ్రీనివాసరావుగారు నవ్వుతూ చెప్పారు. ఆయన నవ్వుతూ చెప్పినవే అమలు చేస్తారు.

శుక్రవారం మధ్యాహ్నానిక్కూడా ప్రతి పేజీ చివరి పేరు తర్వాతి పేజీ మొదట్లో మళ్ళీ వస్తోంది. ప్రోగ్రామును లైను లైనుకీ ఆపి చూపించే డీబగ్గరు పెట్టింది మార్తమ్మ. పేజీ మారే నలభై మూడో లైను దగ్గర ఆగమంటే, అక్కడ ఆగడం కుదరదంది. ఇంకోచోట ఆగమంటే, ఖాళీ లైను మీద నిలబడి ఇక్కడే పని జరుగుతోందంది. దొంగని పట్టుకోమని పంపిస్తే కానిస్టేబులే దారి తప్పినట్టుంది ఆమెకి. ఫ్లాపీ మార్చింది, మిషను ఆపి మళ్ళీ వేసింది. అదే ధోరణి.

అప్పుడు ఒకటి గమనించింది. డీబగ్గరు ఎప్పుడూ సరిగ్గా రెండు లైన్లు పైనే చూపిస్తోంది. పిచ్చిదైతే ఇంత పద్ధతిగా ఉండదు. తను ప్రోగ్రాము కంపైల్ చేశాక, అంటే మిషను భాషలోకి మార్చాక, ఎవరో పైన లైన్లు చేర్చి ఉండాలి; డీబగ్గరు ఇంకా పాత లెక్కలోనే ఉంది. మొదటికి వెళ్ళి చూస్తే, ఇంగ్లీషు అక్షరాల్లో, బ్రాకెట్ల మధ్య: శ్రీరామ.

హెడ్ క్లర్కు బాపిరాజుని పిలిచింది. శ్రీరామ లేకుండా ఏ కాగితమూ మొదలెట్టని మనిషి ఆయన.

"బ్రాకెట్లో రాసింది మిషను చదవదని మీరే చెప్పేరు కదండీ," అన్నాడాయన.

"చదవదండి రాజుగారూ. లైను మాత్రం లెక్కేసుకుంటుందండి."

కోపంగా ఆ లైను కొట్టేసింది. తేడా రెండు నుంచి ఒకటికి తగ్గింది, పోలేదు. ఈసారి కళ్ళు పెట్టి చూసింది. శ్రీరామ కింద ఉన్న లైను ఇప్పుడు పైకొచ్చింది: స్తోత్రం. మంగళవారం కరెంటు పోయి వచ్చాక, ఫైలు చెడలేదన్న సంతోషంలో ప్రభువుని తలుచుకుని తనే టైపు చేసింది.

బాపిరాజు తలవంచి చూసి, కండువాతో మూతి తుడుచుకున్నాడు. ఆమెకే నవ్వాగలేదు.

అదీ తీసేశాక నలభై మూడో లైను మళ్ళీ నలభై ఒకటైంది, డీబగ్గరు అక్కడ బుద్ధిగా ఆగింది. పేజీ మారగానే పేర్ల వరసని ఒకటి వెనక్కి లాగుతున్న లైను అక్కడే కనిపించింది. దిద్ది, మళ్ళీ కంపైల్ చేసి, కరెంటు పోతుందేమోనని బల్బు వైపు చూడకుండా కూర్చుంది. నాలుగున్నరకి జాబితా బయటికొచ్చింది, ఏ పేరూ రెండోసారి లేకుండా. శ్రీనివాసరావుగారు ఈసారి నవ్వలేదు. సోమవారం నుంచి హాజరుపట్టీలో సంతకం పెట్టమన్నారు. పొద్దుట్నించి తాగని టీ అప్పుడు తెప్పించుకుంది మార్తమ్మ.

వెళ్ళబోతూ బాపిరాజు గుమ్మంలో ఆగాడు. "అయితే ఇకమీదట రాయకూడదంటారా?"

"రాసుకోండి రాజుగారూ. నేనూ రాసుకుంటాను. రాసేక మాత్రం మళ్ళీ కంపైల్ చెయ్యాలండి."

"ఆయ్," అన్నాడాయన.