రాజు గుర్రంలా దూకిన రోజు

మొన్న ఆదివారం నరసరావుపేటలో నా దగ్గర చదరంగం నేర్చుకునే ఆడపిల్లల్లో ఒకతె, ఆటలో రాజు ఒకసారి గుర్రంలా దూకవచ్చని వాళ్ళ తాతయ్య చెప్పాడట, నిజమేనా అని అడిగితే మిగతా పిల్లలంతా పకపకా నవ్వారు గానీ నాకు మాత్రం నవ్వు రాలేదు. ఆ దూకుడు వల్లే ఒకప్పుడు నా ఆట మొదలవకుండానే ఆగిపోవలసింది.

గురజాలలో మాకు పత్తి విత్తనాల కొట్టు ఉండేది. మధ్యాహ్నం బేరాలు పల్చబడ్డాక నాన్న, మా మేనమామ గల్లాపెట్టె పక్కన బల్ల మీద ఆట పరిచేవారు, బడి లేని రోజుల్లో నేనూ అక్కడే కూర్చుని చూసి చూసి నేర్చేసుకున్నాను. వాళ్ళది నాటు ఆట. అందులో రాజుకు ఒకే ఒక్కసారి గుర్రం ఎత్తు వేసే హక్కు ఉండేది. ఇంటరుకొచ్చేసరికి వాళ్ళిద్దరినీ ఓడిస్తూ, ఈ ఆటే నా ఉద్యోగం కావాలని మొండికేశాను. మామయ్యకు సుతరామూ ఇష్టం లేదు. చివరికి గుంటూరులో ఒక పోటీకి తీసుకెళ్తామనీ, అక్కడ నవ్వులపాలైతే ఇక ఆ మాట ఎత్తకూడదనీ తేల్చారు.

హాలు నిండా మగవాళ్ళే. మొదటి ఆటలోనే చిక్కులో పడి, ఏమాత్రం అనుమానం లేకుండా రాజును గుర్రంలా దూకించాను. ఎదుటి కుర్రాడు నవ్వాడు, పక్క బల్లల వాళ్ళు లేచొచ్చి మరీ నవ్వారు, పోటీ నడిపే పెద్దమనిషి వచ్చి ఆ ఎత్తు చెల్లదనీ, ముట్టుకున్నాను గనక రాజునే పక్క గడిలోకి కదపాలనీ చెప్పాడు. కదిపాను, ఓడిపోయాను. గోడవారగా నిలబడ్డ నాన్న ముఖం వైపు చూడలేక, తల వంచుకుని పావులు సర్దాను.

మామయ్య అప్పటికే సంచి భుజానికి తగిలించుకున్నాడు.

"చానా నవ్వారు బావా, ఇంక పద పోదాం."

"పిల్లదేందిరా తప్పు? నేర్పింది మనం గదా. మిగతా ఆటలు ఆడనీ," అన్నాడు నాన్న.

ఆ మాటతో పోయిన ప్రాణం లేచొచ్చింది. ఆ రోజు కొన్ని గెలిచాను, కొన్ని ఓడాను, తరువాత ఆట పుణ్యమా అని రైల్వేలో ఉద్యోగం వచ్చి, రిటైరయ్యేదాకా ఆడుతూనే ఉన్నాను.

గుంటూరు నుంచి వచ్చిన మర్నాడే, నేను మళ్ళీ పొరబడకూడదని వాళ్ళిద్దరూ కొట్టులో కొత్త పద్ధతిలో ఆడటం మొదలుపెట్టారు. అలవాటు లేక నాన్న తడబడేవాడు, ఓడిపోయి తనను తానే తిట్టుకునేవాడు గానీ పాత ఎత్తు జోలికి మాత్రం పోలేదు. ఇప్పటి ఆడపిల్లలు ఓడిపోతే ఎవరి ముఖం వైపూ చూడనక్కర్లేదు, అది చూస్తుంటే నా మనసు తేలికపడుతుంది. ఆ నాటు ఆటంటే మాత్రం వాళ్ళిద్దరికీ ప్రాణం. నా కోసం వదులుకున్నారు. ఇప్పుడు ఒక్కసారి ఆడదామన్నా, ఎదురుగా కూర్చోవడానికి ఇద్దరిలో ఒక్కరూ లేరు.