తడి చేయి

నిన్న కొత్త బల్లకు నీళ్ళలో కలిపే రంగు వేద్దామని చెక్క తడపగానే, ఆ తడి టేకు వాసనకు చిన్నప్పుడు బచేలి ఇనుప గనుల దగ్గర మేమున్న క్వార్టర్ వరండా గుర్తొచ్చింది.

నాన్న చర్చి కోసం చేస్తున్న బల్లను అద్దంలా నున్నగా రుద్ది పెట్టారు. గనుల ఎర్రదుమ్ము అంటకూడదని చేతులు కడుక్కుని మరీ, ఆ తడిచేత్తోనే నిమిరాను. ఆరేసరికి నా చేయి పడిన చోటల్లా నూగు లేచి చెక్క గరుకైంది.

"ఎవుల్రా దీన్ని ముట్టుకున్నది?" అన్నారు నాన్న, నా వైపే చూస్తూ. నేను చేతులు వెనక్కి పెట్టుకున్నాను. ఆయన తడిగుడ్డతో బల్లంతా తడిపేసి, ఆరాక ఉప్పుకాగితంతో రుద్దసాగారు. నా వల్లే పనంతా మొదటికొచ్చిందని, ఆ గరగర వినలేక చెవులు మూసుకున్నాను.

ఆ బల్లకు నాన్న వేసిందీ ఇలాంటి రంగే. దీనికి ముందు ఎలాగూ అలా తడిపి రుద్దాలని, నిన్న దుకాణంవాడు చెప్పేదాకా నాకు తెలీదు. ఆ ముక్క నాన్న ఆ రోజే చెప్పి ఉండొచ్చు కదా. ముట్టుకున్నది నేనేనని నేను మాత్రం చెప్పానా?