ఉత్త లైటు

మిర్యాలగూడలో మా చాయ్ హోటల్ పక్కనే దేవ్‌సింగ్ వీడియో షాపు. తండా నుంచి వచ్చి, తొంభైల మొదట్లో కెమెరా పట్టినవాడు. పెళ్లిళ్లు తీయడం కడుపు కోసం. క్యాసెట్ చివర మిగిలిన టేపు మీద మాత్రం తన కోసం ఒక నిమిషం సినిమా తీసుకునేవాడు. ఒకే వస్తువు, మాట లేదు, పాట లేదు, మధ్యలో ఆపడం లేదు. గూట్లో చెంబు. దండెం మీద చీర.

"దీంట్ల కథ యాడున్నదిరా?" అని నేను ఎగతాళి చేస్తే, "మనిషి ఆడికెల్లి లేసి పోయినంక సూడన్నా, గాడ్నే ఉంటది" అనేవాడు. నాకు ఒళ్లు మండేది. చెంబు చూడ్డానికి టీవీ ఎందుకు?

పెళ్లిలో "నన్ను తియ్యి" అని మీద పడేవాళ్లందరికీ టేపు సరిపోదు. అందుకని ముఖం మీద లైటు కొడతారు, కెమెరా తిరగదు. అదే ఉత్త లైటు. వేములపల్లిలో ఒక పెళ్లికి వచ్చిన గొర్లకాపరి లింగన్న, భుజాన గొంగడితో నిక్కి నిలబడితే, దేవ్‌సింగ్ అతనికీ ఉత్త లైటే కొట్టాడు.

కొద్దిరోజులకే లింగన్న పాము కరిచి పోయాడు. జన్మలో ఫోటో దిగినవాడు కాదు. భార్య జంగమ్మ, క్యాసెట్‌లో మా ఆయన ఉన్నాడు, ఒక్కసారి చూపించమని కబురు పెట్టింది. ఇంకో పెళ్లి తీసి వస్తూ, నిజం చెబుదామని దేవ్‌సింగ్ వాళ్లింటికి పోయాడు. ఎవరూ లేరు. వాకిట్లో పందిరి కింద నులక మంచం, దాని మీద లింగన్న గొంగడి. ఆ మంచాన్నే ఒక నిమిషం తీసుకుని, ఎవరన్నా వచ్చేలోగా వెనక్కి చూడకుండా వచ్చేశాడు.

చివరికి జంగమ్మే షాపుకు వచ్చింది. నేను చాయ్ పట్టుకుపోయేసరికి దేవ్‌సింగ్ ఆమె ముందు తల దించుకుని ఉన్నాడు.

"తప్పయింది అవ్వా. గా దినం కెమెరా తిర్గలే. ఉత్త లైటే."

ఆమె తిట్టలేదు. తిట్టినా బాగుండేది. "గంత దూరం నడిచొచ్చిన, కొడుకా. మా ఇంటిది ఏదన్న ఉంటే ఎయ్యి."

మంచం సినిమా వేశాడు. నులక మంచం, గొంగడి. పందిరి మీద ఆకు కూడా కదలడం లేదు. నిమిషం అయిపోవస్తుండగా చూస్తే మంచం మీద గొంగడి లేదు. మళ్లీ వేశాడు. మొదట ఉంది, చివర లేదు.

"నడుమల ఆపినవారా?" అన్నాను.

"నీ మీద ఒట్టన్నా. కెమెరా మీదికెల్లి కన్ను గూడ తియ్యలే."

వాడు మూడోసారి వేశాడు. నాకు భయమేసింది. జంగమ్మ మాత్రం తెర మీది నుంచి చూపు తిప్పకుండా కొంగుతో ముఖం తుడుచుకుంది.

"గిన్ని దినాల సంది ఇల్లంత ఎతుకుతున్న గొంగడి కోసం" అంది. "ఆయనే తీస్కపోయిండా. మంచిగయింది. చలికి ఎట్లున్నడో అని నాకు నిద్రవట్టలే."